మిషెల్ లెగ్రాన్: వరసలు కట్టిన చేయి, వాద్యాలు కూర్చిన చేయి

పాట వినగానే మనలో చాలామంది అడిగేది పాడిందెవరని. సంగీతం మీద కొంచెం మక్కువ ఉన్నవారు వరస కట్టిందెవరని కూడా అడుగుతారు. కాని ఆ పాట వెనుక ఫిడేళ్లు ఎప్పుడు లేవాలో, వేణువు ఎక్కడ తొంగిచూడాలో, గాయకుడు ఊపిరి తీసుకునే అరక్షణంలో ఏ వాద్యం పలకాలో కాగితం మీద రాసి ఇచ్చినవాడొకడు ఉంటాడు. అతని పేరు అడిగేవారు అరుదు. మదరాసు రికార్డింగు థియేటర్లలోనూ, బొంబాయిలోనూ అతన్ని అరేంజరు అంటారు. రికార్డు మీద అతని పేరు అచ్చయితే అది అదృష్టమే.

ఇప్పుడు చెప్పబోయే ఫ్రెంచి సంగీతకర్త ఆ అరేంజరు బల్ల దగ్గరే జీవనం మొదలుపెట్టారు. అక్కడినుంచి లేచి జాజ్‌లోకి వెళ్లారు, చలనచిత్రాల్లోకి వెళ్లారు, నాటకశాలకు, నృత్యశాలకు, కచేరీ వేదికకు వెళ్లారు. వెళ్లిన ప్రతిచోటికీ ఆ బల్లను వెంట తీసుకుపోయారు. ఆయన పేరు మిషెల్ లెగ్రాన్. (యానాం పాఠకులు మన్నించాలి. ఫ్రెంచి వచ్చినవారు ఈ పేరు చివరి నకారాన్ని సగం ముక్కులోనే ఉంచేస్తారు. మన లిపిలో దానికి ఇంతకంటె దగ్గరగా రాయటం నాకు చేతకాలేదు.)

లెగ్రాన్ 1932 ఫిబ్రవరి 24న పారిస్ శివారులోని కూర్బెవ్వాలో పుట్టారు. తండ్రి రేమోన్ లెగ్రాన్ పేరున్న వాద్యబృందానికి నాయకుడు. తల్లి మార్సెల్ ఆర్మీనియా సంతతి ఆవిడ. మేనమామ జాక్ ఎలియాన్ కూడా వాద్యబృందం నడిపినవాడే. ఇంత సంగీతం ఉన్న ఇల్లు గదా, పిల్లవాడికి లోటేమిటి అనిపిస్తుంది. కాని మిషెల్‌కు మూడేళ్లప్పుడు తండ్రి ఇల్లు విడిచి వెళ్లిపోయారు. తల్లి, అక్క క్రిస్టియాన్, తాను మిగిలారు. ఇంట్లో ఒక పాత పియానో మిగిలింది. తోటి పిల్లలతో ఆటలు అంతగా ఎరగని ఆ పిల్లవాడు రేడియోలో విన్న పాటను పియానో మెట్ల మీద వెతుక్కుంటూ పొద్దు పుచ్చేవాడు. పాట దొరికాక దానికి ఎడమచేత్తో తోడు వెతికేవాడు. వెనుక ఆయన జన్మంతా చేసిన పనికి మొదలు అక్కడే ఉందని నాకు తోస్తుంది.

పదేళ్లు దాటీ దాటకముందే ఆయన్ను పారిస్ సంగీత కళాశాలలో చేర్చారు. అవి యుద్ధపు రోజులు, పారిస్ జర్మన్ల చేతిలో ఉంది. బయట ఆ గొడవంతా సాగుతూ ఉంటే, ఆ కళాశాల గోడల లోపల మనుషులందరూ సంగీతమే ఊపిరిగా బతకటం చూసి తన లోకం ఇదేనని అనుకున్నట్టు ఆయన తరువాత చెప్పుకున్నారు. అక్కడ ఆయనకు దొరికిన గురువుల్లో నాడియా బూలాంజే ముఖ్యురాలు. ఆవిడ కఠినశిక్షకు పెట్టింది పేరు. అమెరికానుంచి ఏరన్ కోప్లండ్, అర్జెంటీనానుంచి ఆస్టర్ పియాజొల్లా, వెనుక క్విన్సీ జోన్సూ ఆవిడ దగ్గర కూచుని నేర్చుకున్నవారే. పియాజొల్లా టాంగో వైపు వెళ్లాడు, జోన్సు జాజూ జనాదరణ పాటలూ చేశాడు, కోప్లండ్ సింఫనీలు రాశాడు. ఒకే పంతులమ్మ శిష్యులు ఇన్ని దారుల్లో పోవటం చూస్తే, ఆవిడ నేర్పింది ఒక సంప్రదాయమా లేక చెవినీ చేతినీ మోసం చేయకుండా పని చేయటమా అని ప్రశ్న వస్తుంది. రెండోదే కాబోలు.

ఇక్కడ ఒక్క మాట విడమర్చి చెప్పాలి. మన కచేరీలో రాగం ఒక తీగలాగా సాగుతుంది. ఫిడేలు గాయకుణ్ణి అనుసరిస్తుంది, మృదంగం లయ నిలుపుతుంది, తంబుర శ్రుతి పట్టి ఉంచుతుంది. పాశ్చాత్యులది వేరు పద్ధతి. ఒక స్వరం పలికేటప్పుడే దానితోబాటు మరో రెండు మూడు స్వరాలు పలుకుతాయి. ఆ జత మారితే పై స్వరం మారకపోయినా దాని భావం మారిపోతుంది. అదే 'గ' ఒక జతలో సంతోషంగా ఉంటుంది, మరో జతలో దిగులుగా ఉంటుంది. ఏ స్వరానికి ఏ జత, ఆ జతలో ఏ స్వరాన్ని ఏ వాద్యానికి ఇవ్వాలి అన్నది నిర్ణయించటమే అరేంజరు పని. ఎనభైమంది కూచున్న బృందంలో ప్రతి ఒక్కరి ముందూ ఉండే కాగితం అతను రాసిందే. లెగ్రాన్ దీన్ని బూలాంజే దగ్గర, ఆన్రి షలాన్ దగ్గర ఏళ్ల తరబడి సాధన చేశారు.

1948లో పారిస్‌లోని ప్లెయెల్ హాలుకు డిజీ గిలెస్పీ అనే నల్లజాతి అమెరికన్ ట్రంపెట్ విద్వాంసుడు తన బృందంతో వచ్చాడు. పదహారేళ్ల లెగ్రాన్ వెళ్లి విన్నాడు. ఆ రాత్రినుంచి జాజ్ ఆయన్ను వదలలేదు. పగలు పాఠశాలలో బాఖ్, రాత్రి గిలెస్పీ. ఈ రెంటిలో ఒకటి ఎక్కువా ఇంకొకటి తక్కువా అన్న లెక్క ఆయనకు అప్పుడూ లేదు, ఎప్పుడూ రాలేదు.

చదువు ముగిసిన వెనుక కూడు పెట్టింది మాత్రం పాటలే. ఆన్రి సాల్వడోర్, జాక్లీన్ ఫ్రాన్స్వా వంటి గాయకుల పాటలకు వాద్యాలు కూర్చారు. పెద్ద నటగాయకుడు మారిస్ షెవాలియేకు సంగీత నిర్వాహకుడై ఆయనతో అమెరికా వెళ్లారు. 1954లో ఒక అమెరికన్ కంపెనీ ఇరవై రెండేళ్ల ఈ కుర్రవాడిచేత పారిస్ మీద వచ్చిన ప్రసిద్ధ పాటలను గాత్రం లేకుండా వాద్యబృందంతో రికార్డు చేయించింది. రికార్డు పేరు 'ఐ లవ్ పారిస్'. అది లక్షల మీద అమ్ముడుపోయింది. అరేంజరుకు అమ్మకంలో వాటా ఉండదు. ఒకసారి ఇచ్చిన కొద్ది సొమ్ముతో సరి. కంపెనీ పెద్దలకే మనసు పీకిందో ఏమో, ఈసారి నీ ఇష్టమైన రికార్డు చేసుకో, ఖర్చు మాది అన్నారు. ఆ మాట ఆయన ఎలా వాడుకున్నదీ కాసేపట్లో చెబుతాను.

ఈలోగా ఒక తమాషా జరిగింది. అమెరికానుంచి వస్తూ లెగ్రాన్ అక్కడ కొత్తగా లేచిన రాక్ అండ్ రోల్ రికార్డులు పట్టుకొచ్చారు. రచయిత బోరిస్ వియాన్, సాల్వడోర్, లెగ్రాన్ ముగ్గురూ కలిసి దాన్ని వెక్కిరిస్తూ నాలుగు పాటలు చేశారు. అసలు పేర్లు పెట్టుకోలేదు. సాల్వడోర్ 'హెన్రీ కార్డింగ్' అయ్యాడు; వేగంగా అంటే 'రికార్డింగ్' అని వినిపిస్తుంది. లెగ్రాన్ 'మిగ్ బైక్' అయ్యాడు. 1956లో వెక్కిరింపుగా వచ్చిన ఆ పాటలనే ఫ్రెంచి భాషలో తొలి రాక్ అండ్ రోల్ రికార్డుల్లో లెక్కిస్తున్నారు. నవ్వులాటకు చేసినా వాద్యాల కూర్పు మాత్రం నవ్వులాటగా చేయలేదు మరి.

ఇక కంపెనీ మాట. లెగ్రాన్ అడిగింది జాజ్. 1958 జూన్‌లో న్యూయార్కులో మూడు పూటలు, మూడు వేర్వేరు బృందాలతో పదకొండు పాటలు రికార్డయ్యాయి. తన వరస ఒక్కటీ అందులో పెట్టలేదు. ఫాట్స్ వాలర్, ఎలింగ్టన్, మంక్, గిలెస్పీ, జాంగో రైన్‌హార్ట్ వంటి వారివే అన్నీ. తనది కూర్పు మాత్రమే. ఆ కూర్పును పలికించటానికి వచ్చినవారి పేర్లు చూస్తే జాజ్ ఎరిగినవాళ్లు ఈనాటికీ తల తిప్పుతారు: మైల్స్ డేవిస్, జాన్ కోల్ట్రేన్, బిల్ ఎవన్స్, బెన్ వెబ్స్టర్, ఫిల్ వుడ్స్. లెగ్రాన్ వయస్సు ఇరవై ఆరు.

మైల్స్ డేవిస్ ముక్కోపి. ఆయన రికార్డింగుకు వస్తే గుమ్మం దగ్గరే నిలబడి వింటాడనీ, నచ్చకపోతే మాటామంతీ లేకుండా వెళ్లిపోతాడనీ లెగ్రాన్‌కు ముందే చెప్పి ఉంచారు. ఆ రోజు డేవిస్ ఆలస్యంగా వచ్చాడు. తలుపు దగ్గర నిలబడ్డాడు. లోపల బృందం సాధన చేస్తున్నది. లెగ్రాన్‌కు ముచ్చెమటలు పట్టాయి. ఐదు నిమిషాలు విని డేవిస్ లోపలికి వచ్చి, కూచుని, ట్రంపెట్ తీశాడు. ఈ కథ లెగ్రాన్ ముసలితనం దాకా చెబుతూనే ఉన్నారు. ఆ బృందంలో హార్ప్ ఉంది, వేణువు ఉంది. జాజ్‌లో అంతగా కనబడని వాద్యాలు. డేవిస్ ట్రంపెట్ పలికేటప్పుడు అవి పక్కకు తప్పుకుని నిలబడటం వింటే తెలుస్తుంది. గొప్ప విద్వాంసుడికి చోటు వదలటం కూడా కూర్పులో భాగమే గదా. డేవిస్, కోల్ట్రేన్, ఎవన్స్ మరుసటి సంవత్సరం 'కైండ్ ఆఫ్ బ్లూ' చేశారు. అది జాజ్ చరిత్రలో మారుపేరు అవసరం లేని రికార్డు.

అప్పుడే ఫ్రాన్సులో కొత్త తరం సినిమా దర్శకులు లేచారు. వారి దగ్గర డబ్బు తక్కువ, ధైర్యం ఎక్కువ. లెగ్రాన్ గోదార్‌కూ, ఆన్యెస్ వార్దాకూ, జాక్ దెమీకీ సంగీతం చేశారు. వార్దా తీసిన 'క్లెయో' చిత్రంలో పియానో వాయించే పాటగాడి వేషం కూడా వేశారు. గోదార్‌తో పని వేరు రకం: ఆయన అడిగినట్టు ఒక వరసా, దానికి ఎన్నో రూపాంతరాలూ రాసి ఇస్తే, 1962 నాటి చిత్రంలో గోదార్ అందులోంచి కొద్ది ముక్క మాత్రం కోసుకుని దాన్నే మళ్లీ మళ్లీ వాడాడు. లెగ్రాన్ దానికి అలిగినట్టు కనబడదు. సినిమా దర్శకుడిది, కాగితం మాత్రమే నాది అన్న వినయం అరేంజరుకు అలవాటు.

దెమీతో మాత్రం అలా కాదు. వారిద్దరిదీ అన్నదమ్ముల పొత్తు. 1961లో 'లోలా'తో మొదలైన ఆ పొత్తులోంచి 'షెర్బూర్ గొడుగులు' అనే చిత్రం వచ్చింది. దీన్ని గురించి నేను కొంచెం ఎక్కువే చెబుతాను. పాఠకులు ఓపిక పట్టాలి.

కథ చాలా చిన్నది. షెర్బూర్ ఒక రేవుపట్నం. అక్కడ గొడుగుల దుకాణం నడిపే ఒక విధవరాలు, ఆమె కూతురు జెన్వియేవ్. ఆ పిల్లకు గీ అనే మోటారు మెకానిక్కు మీద ప్రేమ. అల్జీరియాలో ఫ్రాన్సు యుద్ధం చేస్తున్న రోజులవి. 1957లో గీకి సైన్యంనుంచి పిలుపు వస్తుంది. అతను వెళ్లిపోతాడు. ఆమె నెల తప్పి ఉంటుంది. ఉత్తరాలు పలచబడతాయి. దుకాణం అప్పుల్లో ఉంటుంది. నగల వర్తకుడు రోలాన్ కసార్, మంచివాడే, సంగతంతా తెలిసే ఆమెను పెళ్లాడతానంటాడు. తల్లి ఆశపడుతుంది, కూతురు ఒప్పుకుంటుంది. గీ కుంటుకుంటూ తిరిగివచ్చేసరికి దుకాణం చేతులు మారి ఉంటుంది. ఇందులో దుర్మార్గుడంటూ ఎవడూ లేడు. యుద్ధమూ, అప్పూ, ఎడబాటూ కలిసి ఆ పని చేశాయి.

వింత ఏమంటే, ఈ చిత్రంలో మొదటినుంచి చివరిదాకా ఒక్క మాటా మామూలుగా పలకరు. అంతా పాటే. మన యక్షగానంలోనైనా నడుమ వచనం ఉంటుంది, విదూషకుడి మాటలుంటాయి. ఇక్కడ ఆ విశ్రాంతి లేదు. మరీ విశేషం, పాడే మాటలు కవిత్వం కావు. దెమీ రాసింది ప్రాసలూ ఛందస్సూ లేని వాడుకమాట. బండి బాగయిందా, ఉత్తరం వచ్చిందా, పన్ను కట్టాలి, ముత్యాలహారం అమ్మాలి. మొదటి దృశ్యంలోనే గరాజులో చేతులు కడుక్కుంటూ ఒక మెకానిక్కు తనకు ఆపెరా గిట్టదనీ, సినిమాయే నయమనీ అంటాడు. ఆ మాటా పాడుతూనే అంటాడు! వెనుక జాజ్ బృందం హుషారుగా వాయిస్తుంటుంది.

ఈ ఆలోచన చెబితే నిర్మాతలు తలుపులు మూసుకున్నారు. టిక్కెట్టు కొని వచ్చినవాడు పెట్రోలు ధర పాడుతుంటే గంటన్నర వింటాడా అని వారి సందేహం. వారిని తప్పుపట్టలేము, నేనైనా అదే అడిగి ఉందును. చివరకు మాగ్ బోదార్ అనే మహిళ ముందుకు వచ్చారు. సంగీతం రికార్డు చేయటానికి డబ్బు మాత్రం లెగ్రాన్ తన మిత్రుడు, పాటల కవి ఫ్రాన్సిస్ లెమార్క్‌తో కలిసి తానే పెట్టుకోవలసి వచ్చింది. వాటా లేని కూలికి మొదలుపెట్టినవాడు తన సొమ్ము తన వరస మీద ఒడ్డటం ఇదే.

మనకు నేపథ్యగానం కొత్త కాదు. కాని ఇక్కడ ఒక పాట కాదు, చిత్రమంతా ముందుగానే రికార్డు చేశారు. జెన్వియేవ్ వేషం వేసింది కాథరిన్ డెనోవ్. గొంతు దానియెల్ లికారిది. గీ వేషం నీనో కాస్టెల్నువొది. గొంతు జోజె బార్తెల్‌ది. తల్లి పాత్రకు పాడింది లెగ్రాన్ అక్క క్రిస్టియానే. (ఈవిడ సామాన్యురాలు కాదు. బాఖ్ కృతులను మాటలు లేకుండా, జాజ్ తాళంతో పాడి లోకాన్ని ఆశ్చర్యపరచిన స్వింగిల్ సింగర్స్ బృందంలో ముఖ్యమైన గొంతు ఆవిడదే.) రికార్డింగు ముందే ముగిసిందంటే, నటి తలుపు దగ్గరనుంచి బల్ల దాకా ఎన్ని అడుగులు వేయాలో, ఏడుపు మింగటానికి ఎంతసేపు పట్టాలో దర్శకుడూ సంగీతకర్తా కెమెరా తిరగకముందే తేల్చుకోవాలి. ఒక్క సెకండు తప్పినా పళ్లెం ఆగదు. ఆ కొలత అంతా లెగ్రాన్ కాగితం మీద ఉంది.

కూర్పులో ఒక సూక్ష్మం చూడండి. నగల వర్తకుడు కసార్ ఈ చిత్రంలో పుట్టినవాడు కాడు. 'లోలా'లో ప్రేమించి భంగపడినవాడు అతనే. ఇక్కడ అతను తన పాత కథ చెప్పుకునేటప్పుడు లెగ్రాన్ 'లోలా' వరసనే మళ్లీ తెచ్చారు. మొదటి చిత్రం చూసినవారికి ఆ నాలుగు స్వరాలు వినగానే, ఇతడూ దెబ్బతిన్నవాడే సుమా అని గుర్తు వస్తుంది. మాటతో చెప్పనక్కరలేదు.

చివరి దృశ్యం 1963 డిసెంబరులో, మంచు కురిసే రాత్రి, గీ పెట్టుకున్న పెట్రోలు బంకు దగ్గర. ఆమె ఖరీదైన కారులో వస్తుంది. పక్కన కూతురు, గీ బిడ్డే. ఇద్దరూ లోపలికి వెళ్లి నాలుగు మాటలు పొడిపొడిగా అనుకుంటారు. పెట్రోలు మేలురకమా మామూలుదా అని పనివాడు అడుగుతాడు. అంతే కథ. కాని అప్పటిదాకా ఇద్దరి గొంతుల్లో నలిగిన వీడ్కోలు వరస ఆ మామూలు మాటల కింద వాద్యబృందమంతా, గాయకబృందమంతా ఎత్తుకుంటుంది. మనుషులు చెప్పుకోలేకపోయిన దాన్ని వాద్యాలు చెబుతాయి. అరేంజరు అన్నవాడు ఎందుకున్నాడో ఎవరైనా అడిగితే నేను ఆ నాలుగు నిమిషాలు వినిపిస్తాను.

1964లో కాన్ చిత్రోత్సవంలో దానికి అగ్రబహుమానం వచ్చింది. ఆ వీడ్కోలు వరస ఇంగ్లీషు మాటలు తొడుక్కుని దేశదేశాల తిరిగింది. మూడేళ్లకు అదే జంట 'రోష్‌ఫోర్ కన్యలు' తీసింది. అది ఎండకాసిన చిత్రం. డెనోవూ, ఆమె సొంత అక్క ఫ్రాన్స్వాజ్ దోర్లియాకూ కవలలుగా ఆడిపాడారు. చిత్రం విడుదలైన 1967లోనే దోర్లియాక్ కారు ప్రమాదంలో పోవటంతో, ఇప్పుడు ఆ సంతోషపు పాటలు చూస్తే మనసు కలుక్కుమంటుంది.

హాలీవుడ్ పిలిచింది. 1968లో 'థామస్ క్రౌన్ ఎఫైర్'కు సంగీతం చేయమన్నారు. చిత్రం ఇంకా కత్తిరించలేదు, కొన్ని గంటల పొడవున పడి ఉంది. లెగ్రాన్ ఒకసారి చూసి, మీరు కొన్ని వారాలు సెలవు తీసుకోండి, నేను చూసింది గుర్తుంచుకుని సంగీతం రాస్తాను, తరువాత సంగీతాన్ని బట్టి చిత్రం కత్తిరించండి అన్నారట. లోకంలో అందరూ చిత్రానికి సంగీతం కొలిచి కుడతారు; ఈయన సంగీతానికి చిత్రాన్ని కొలవమన్నారు. దర్శకుడు నార్మన్ జూయిసన్ ఒప్పుకున్నాడు. అందులో ఒక పురుషుడూ ఒక స్త్రీ దాదాపు మాటలేకుండా చదరంగం ఆడే దృశ్యం ఉంది. అక్కడ కథ నడిపేది సంగీతమే.

అదే చిత్రంలో నాయకుడు ఇంజను లేని విమానంలో ఒంటరిగా ఆకాశంలో చక్కర్లు కొడతాడు. దానికొక పాట కావాలి. రాసేవారు ఆలన్, మార్లిన్ బర్గ్‌మన్ దంపతులు. లెగ్రాన్ వారికి ఏడెనిమిది వరసలు వాయించి వినిపించారు. తెల్లవారి చూద్దామనుకున్నారు. తెల్లవారాక ముగ్గురూ ఒకే వరస ఎంచారు. అదే 'విండ్‌మిల్స్ ఆఫ్ యువర్ మైండ్'. వరస ఒక చిన్న మెలికగా మొదలై, అదే మెలిక ఒక్కొక్క మెట్టు దిగుతూ తిరుగుతూ ఉంటుంది, ఆగటానికి చోటు దొరకని ఆలోచనలాగ. మోజార్టు వయొలిన్, వియోలాల జంట కృతిలో రెండో భాగపు ఆరంభం దీనికి దగ్గరగా ఉందని వినికిడి ఉన్నవారు చెబుతారు, నిజమే, ఉంది. బూలాంజే శిష్యుడి చెవిలో మోజార్టు ఉండటంలో ఆశ్చర్యమేమిటి? 1969లో ఆ పాటకు ఆస్కార్ వచ్చింది. 1972లో 'సమ్మర్ ఆఫ్ 42' సంగీతానికి రెండోది, 1984లో 'యెంట్ల్'కు బర్గ్‌మన్ దంపతులతో కలిసి మూడోది. 'యెంట్ల్'లో చదువుకోసం మగవేషం వేసిన యూదు పిల్ల ఒక్కతే పాడుతుంది. ఆ పాటలన్నీ ఎవరికీ చెప్పుకోలేని ఆమె మనసులోని మాటలు.

ఈ నడుమ చేసిన పని జాబితా రాస్తే పత్రిక చాలదు. బార్బ్రా స్ట్రైసాండ్‌కు ఫ్రెంచి పాటల రికార్డు కూర్చారు, సారా వానుతో రికార్డు చేశారు, తానే పియానో దగ్గర కూచుని పాడారు. (గొంతు పెద్దదేమీ కాదు. కాని వరస ఎక్కడ ఊపిరి పీల్చాలో కట్టినవాడికే తెలుసు గదా.) సాతీ పియానో కృతులు వాయించి, ఫోరే రాసిన మృతుల ప్రార్థనాగీతాన్ని నిర్వహించి రికార్డులిచ్చారు. మానవశరీరం గురించి పిల్లలకు చెప్పే ఫ్రెంచి బొమ్మల ధారావాహికకు సంగీతమూ ఆయనదే.

అన్నీ పండలేదు. 1983లో వచ్చిన ఒక జేమ్స్ బాండ్ చిత్రానికి ఆయన చేసిన సంగీతం ఆయన అభిమానులకే రుచించలేదు. గోడల్లోంచి నడిచిపోగల ఒక గుమాస్తా కథను 1997లో పారిస్‌లో గేయనాటకంగా చేస్తే బహుమానం వచ్చింది. అదే 2002లో న్యూయార్కు బ్రాడ్వేకి వెళ్లి పదిహేడు ప్రదర్శనలతో తెర దించుకుంది.

ఆయన మీద ఒక నింద ఎప్పుడూ ఉంది. శాస్త్రీయులకు ఆయన సినిమావాడు. జాజ్ వారికి తియ్యటి ఫిడేళ్లవాడు. సినిమావారికి మరీ విద్వాంసుడు. ఒక్కచోట కుదురుగా ఉంటే ఇంకెంత గొప్పవాడయ్యేవాడో అని పెదవి విరిచినవారున్నారు. మనవంటి వారికి ఈ నింద కొత్తది కాదు. ఇంట తెలుగు, వీధిలో తమిళమో కన్నడమో ఒడియానో మాట్లాడుకుంటూ తరాలు గడిపిన కుటుంబాలం. పెళ్లికి గుంటూరు వెళితే మీ తెలుగులో అరవ యాస అంటారు. తిరిగి వస్తే మీరు తెలుగువాళ్లు గదా అంటారు. ఒక భాష వచ్చినంతమాత్రాన ఇంకొకటి పలచబడదని మనకు తెలుసు. నా మటుకు నాకు, గరాజు దృశ్యంలోని జాజూ, పెట్రోలు బంకు దగ్గరి వాద్యఘోషా ఒకే చిత్రంలో అతుకు కనబడకుండా ఇమడటానికి కారణం ఆయన ఏ ఇంటా అతిథి కాకపోవటమే. అయితే కొన్నిచోట్ల తీపి ఎక్కువైందన్న మాటను నేను కొట్టివేయను. డెబ్బైల నాటి కొన్ని రికార్డులలో ఫిడేళ్లు అడగకుండానే ఏడుస్తాయి.

ముక్కోపి మైల్స్ డేవిస్ ఆయన్ను మరచిపోలేదు. 1990లో ఆస్ట్రేలియా దర్శకుడు రోల్ఫ్ ద హీర్ తీసిన 'డింగో' చిత్రానికి ఇద్దరూ కలిసి సంగీతం చేశారు. డేవిస్ అందులో ట్రంపెట్ విద్వాంసుడిగా వేషం కూడా వేశాడు. గుమ్మం దగ్గర నిలబడి విన్న రోజుకూ దీనికీ మధ్య ముప్పై రెండేళ్లు. 1991 సెప్టెంబరులో డేవిస్ కన్నుమూశాడు. దెమీ అంతకు ముందు సంవత్సరమే, 1990లో, పోయాడు.

ఎనభైలు దాటినా లెగ్రాన్ బల్ల వదల్లేదు. 2011లో హాంబర్గులో జాన్ నోయ్‌మయర్ నృత్యనాటకానికి సంగీతం రాశారు. పియానోకూ చెల్లోకూ కచేరీ కృతులు రాసి రికార్డు చేశారు. ఆర్సన్ వెల్స్ 1970లలో మొదలుపెట్టి ముగించకుండానే 1985లో చనిపోయిన చిత్రాన్ని ఇతరులు కూర్చి 2018లో వెనిస్‌లో చూపినప్పుడు, దానికి సంగీతం ఎనభై ఆరేళ్ల లెగ్రాన్‌దే. ఈసారి దర్శకుడు పక్కన లేడు, కోసివేయటానికీ లేడు. అదే సంవత్సరం నవంబరులో, దెమీతో 1970లో చేసిన 'గాడిదతోలు' రాకుమారి కథ పారిస్ మారిన్యీ నాటకశాలలో రంగస్థలానికి ఎక్కింది. 2019 జనవరి 26న లెగ్రాన్ మరణించారు. పెర్ లషేజ్ శ్మశానవాటికలో ఆయన సమాధి ఉంది.

వినదలచిన కుటుంబాలకు ఒక సూచన. పిల్లలుంటే 'రోష్‌ఫోర్ కన్యలు'తో మొదలుపెట్టండి, భాష రాకపోయినా కాళ్లు ఆడతాయి. రాత్రి అందరూ పడుకున్నాక 1958 నాటి జాజ్ రికార్డు సన్నగా పెట్టుకోండి. 'షెర్బూర్ గొడుగులు' మాత్రం ఇంట్లో పెద్దవాళ్లతో కలిసి చూడండి. పక్కన రుమాలు ఉంచుకుంటే మంచిది. మా ఇంట్లో మొదటిసారి చూసినప్పుడు, వీళ్లు మాట్లాడరేమిటని పది నిమిషాలు గొణిగిన మా అత్తయ్యే పెట్రోలు బంకు దగ్గర అందరికంటె ముందు కళ్లు తుడుచుకున్నది.